2034లోగా ఆ కొట్టం ఎవరు కట్టాలి?

2034 నుంచి నార్వేలో పాడి ఆవును కొట్టంలో గుంజకు కట్టి ఉంచడం కుదరదు. కొట్టం లోపల కూడా ఆవు తన ఇష్టానికి తిరగాలి, పడుకోవాలి, మేత దగ్గరికి పోవాలి. 2004లో వచ్చిన ఈ నిబంధన కొత్త కొట్టాలకు అప్పుడే అమలైంది. పాతవాటికి 2024 వరకు గడువిచ్చారు. అది చాలదని పార్లమెంటు మరో పదేళ్ళు పొడిగించింది. పశువు మేలు కోరిన నిబంధన కాబట్టి తప్పుపట్టేవాళ్ళు తక్కువ. అయినా కొండలోయల్లోని చిన్న రైతుల ఇళ్ళలో ఇప్పుడు రోజూ నలిగే మాట ఇదే: పాత కొట్టం కూల్చి కొత్తది కట్టాలా, ఆవుల్ని అమ్మేసి తలుపు మూసేయాలా?

ఇక్కడ ఆ మాట ఒక తండ్రికీ కూతురికీ మధ్య నడుస్తుంది. వాళ్ళకు పేర్లు పెట్టలేదు. అలాంటి ఇళ్ళు ఆ లోయలో చాలా ఉన్నాయి. వాళ్ళందరి మాటలూ కలిపి అల్లిన జంట ఇది. ఊరు మాత్రం ఉన్నదే. లిల్లెహామర్ పట్నం నుంచి ఉత్తరంగా 200 కిలోమీటర్లకు పైగా సాగే గుద్‌బ్రాన్స్‌దాలెన్ లోయకు పక్కలోయ ఒకటుంది, ఒట్టా నది లోయ. దాని పైభాగాన రెండు వేల పైచిలుకు జనంతో ఉన్న మునిసిపాలిటీ షోక్. తండ్రికి అరవై దాటాయి. పదహారు పాడి ఆవులు, కొన్ని గొర్రెలు, కొండవాలు మీద గడ్డి పొలాలు ఆయన ఆస్తి. కూతురు లిల్లెహామర్‌లో నర్సు. ఇంటికి పెద్దబిడ్డ.

ఆ పెద్దరికానికి చట్టంలో విలువ ఉంది. వంశభూమి మీద తొలి హక్కు పెద్దబిడ్డది. దాన్ని ఊడెల్ అంటారు. ఈ హక్కును తీసేయకూడదని 1814 రాజ్యాంగంలోనే రాసుకున్నారు. తరతరాలుగా అది కొడుకులకే దక్కింది. 1974 చట్టం వచ్చాక, 1965 నుంచి పుట్టిన పిల్లల్లో ఆడా మగా తేడా లేకుండా పెద్దవాళ్ళదే హక్కు అయింది. హక్కుతో పాటు బాధ్యత కూడా ఉంది. భూమి తీసుకున్నవాళ్ళు ఏడాదిలోపు అక్కడికి వచ్చి ఉండాలి, కనీసం ఐదేళ్ళు ఉండాలి, పొలం బీడు పెట్టకూడదు.

మామూలుగా ఇలాంటి కథల్లో తండ్రి రమ్మంటాడు, బిడ్డ రానంటుంది. ఇక్కడ తండ్రే వద్దంటున్నాడు.

"కొత్త కొట్టం, పాలు పితికే రోబో, పేడ గుంత, అన్నీ కలిపి కోటి క్రోనర్లు దాటుతుందని లెక్క కట్టి చెప్పారు తల్లీ," అంటాడాయన. క్రోనర్ అంటే ఎనిమిది తొమ్మిది రూపాయలు. "పదహారు ఆవుల పాలతో ఆ అప్పు తీరదు. ముప్ఫై కావాలి. ముప్ఫై ఆవులకు పాల కోటా కొనాలి. అంత గడ్డికి పొరుగువాళ్ళ పొలాలు కౌలుకు పట్టాలి. ఇప్పుడు చేసిన అప్పు నీకు అరవై వచ్చేదాకా తీరదు. నేను అప్పు లేకుండా దిగిపోతున్నాను. పొలం కౌలుకిచ్చేద్దాం. ఇల్లు ఉంటుంది, సెలవులకు వద్దువు గాని."

"కౌలుకిచ్చేద్దాం అని అందరూ అన్నారు నాన్నా. ఈ దేశంలో సాగుభూమి దాదాపు సగం ఇప్పుడు కౌలులోనే ఉంది. కౌలుదారుకు దగ్గరి చదును పొలం కావాలి గాని మన వాలు పొలం ఎవరికి కావాలి? మొదటి ఐదేళ్ళు గడ్డి కోస్తాడు, తర్వాత పైమడులు వదిలేస్తాడు, ఆ తర్వాత అక్కడ భోజవృక్షాలు మొలుస్తాయి. ఎన్ని పొలాలు అలా పోయాయో నువ్వే చూపించావు నాకు."

"చూపించాను. అందులో మనిషి తప్పు లేదు. లెక్క కుదరలేదు."

"లెక్కలో నా జీతం కూడా కలుపు. ఊళ్ళో ముసలివాళ్ళను చూసుకునే కేంద్రానికి నర్సులు దొరకట్లేదు. సగం పూట అక్కడ, సగం పూట ఇక్కడ. నువ్వు మాత్రం ఆవుల మీదే బతికావా? చలికాలమంతా మునిసిపాలిటీ రోడ్ల మీద మంచు తోశావు. అడవిలో కలప కొట్టావు. అమ్మ బడిలో ఉద్యోగం చేసింది."

ఈ విషయంలో కూతురి మాటకు తిరుగులేదు. నార్వే వ్యవసాయ కుటుంబాల ఆదాయంలో ఎక్కువ భాగం పొలం బయటి నుంచే వస్తుంది. లోయలో ఒకే మనిషి పొద్దున పాడి రైతు, మధ్యాహ్నం ట్రక్కు డ్రైవరు, రాత్రి సైరన్ మోగితే అగ్నిమాపక సిబ్బంది. దేశంలో మంటలార్పే సిబ్బందిలో ఎక్కువమంది ఇలా వేరే పని చేసుకుంటూ పిలుపు వస్తే పరిగెత్తేవాళ్ళే. ఒక పొలం మూతపడితే పోయేవి పాలు మాత్రమే అనుకుంటారు పట్నంలో. మంచు తోసే ట్రాక్టరు, నిప్పంటుకుంటే వచ్చే మనిషి, బడిలో ఇద్దరు పిల్లలు కూడా అదే రోజు తగ్గుతారు.

పని సంగతికొస్తే, ఆ లోయలో ఏడాది నిడివి పొలం పనులను బట్టే తెలుస్తుంది. ఏప్రిల్, మే నెలల్లో గొర్రెల ఈతలు. రాత్రులు నిద్ర ఉండదు. మంచు కరగ్గానే పేడ తోలడం, విత్తడం. జూన్‌లో గొర్రెల్ని కొండ మీదికి తోలతారు. దేశం మొత్తం మీద సుమారు 20 లక్షల గొర్రెలు, పిల్లలు వేసవిలో కాపలా, కంచె లేని కొండల్లో మేస్తాయి. కొన్నిటి మెడలో ఇప్పుడు గంటకు బదులు ఉపగ్రహ సంకేతాలు పంపే పట్టీ ఉంటుంది. వుల్వరీన్ అనే జంతువు తినగా మిగిలినవి సెప్టెంబరులో ఇల్లు చేరతాయి. పోయినవాటికి ప్రభుత్వం పరిహారం ఇస్తుంది, రుజువు చూపగలిగితే. గడ్డి కోత వేసవిలో రెండుసార్లు. ఒకప్పుడు తీగలు కట్టిన దడుల మీద గడ్డి ఆరబెట్టేవారు. ఇప్పుడు పచ్చిగానే చుట్టి తెల్ల ప్లాస్టిక్‌లో బిగించి పాతరగడ్డి చేస్తారు. సెప్టెంబరు చివర దుప్పి జాతిలో అతి పెద్దదైన ఎల్గ్ వేట మొదలవుతుంది, ఊళ్ళో సగం పనులు ఆగిపోతాయి. ఇక ఆవులకు మాత్రం కాలాలు లేవు. రోజుకు రెండు పూటలా పితకాలి.

"ఐదున్నరకు లేవడం రోబోతో పోతుంది," అంటుంది కూతురు. "దేశంలో సగానికి పైగా పాలు ఇప్పుడు రోబోలే పితుకుతున్నాయి."

"రోబోకు నిద్ర ఉండదు తల్లీ. రాత్రి రెండింటికి ఏదో ఇరుక్కుంటే నీ ఫోనే మోగుతుంది. చలికాలంలో బయట మైనస్ ఇరవై."

"బదులు మనిషి ఉన్నాడుగా."

సెలవులకు, జబ్బు చేసినప్పుడు రైతు స్థానంలో పాలు పితికేందుకు మనిషిని పెట్టుకోవడానికి నార్వే ప్రభుత్వం డబ్బు ఇస్తుంది. ఇది ఊరికే రాలేదు. 1974–75లో పశ్చిమ తీరాన హిత్రా అనే దీవిలో రైతులు పన్ను కట్టమని మొండికేశారు. కార్మికుడికి వారాంతం ఉంది, సెలవు ఉంది, మాకేదీ అన్నారు. 1975 చివర్లో పార్లమెంటు రైతు ఆదాయాన్ని కొన్నేళ్ళలో కార్మికుడి ఆదాయానికి సమానం చేస్తామని తీర్మానించింది. తాము పట్టుబట్టి సాధించుకున్నది కాబట్టే ఆ సెలవు పథకం గురించి అక్కడి రైతులు గౌరవంగా మాట్లాడతారు.

"మా నాన్నకు సెలవంటే తెలియదు," అన్నాడాయన. "నేను చూశాను, కాదనను. కానీ డబ్బు ఇస్తే సరిపోతుందా, మనిషి దొరకొద్దూ? ఈ చుట్టుపక్కల పాలు పితకడం వచ్చిన కుర్రవాళ్ళు ఎంతమంది మిగిలారు చెప్పు."

ఆమె దగ్గర జవాబు లేదు. ఆమె వయసు వాళ్ళలో ఎక్కువమంది ఓస్లోలోనే ఉన్నారు.

తర్వాత మాట సేటర్ల మీదికి పోయింది. వేసవిలో ఆవుల్ని, మేకల్ని తోలుకెళ్ళి అక్కడే పాలు పితికి, వెన్న, జున్ను చేసే కొండ మీది పాడి ఇళ్ళు అవి. 19వ శతాబ్దం నడుమ వేలకు వేలు ఉండేవి. ఇప్పుడు పాలు పితికే సేటర్లు దేశం మొత్తంలో వెయ్యి లోపే. 2024 డిసెంబరులో స్వీడన్‌తో కలిపి యునెస్కో ఈ పద్ధతిని మానవాళి వారసత్వ జాబితాలో చేర్చింది. కనీసం నాలుగు వారాలు సేటర్లో పాడి నడిపితే ప్రభుత్వ సాయం ఉంది. తండ్రికి ఇందులో ఆశ లేదు. ఫొటోలు తీసుకునేవాళ్ళు పెరిగారు, పాలు పితికేవాళ్ళు తగ్గారు అంటాడు. కూతురు వెంటనే ఆన్నె హోవ్ పేరెత్తింది. ఇదే గుద్‌బ్రాన్స్‌దాలెన్‌లో, 1863లో, సేటర్లో పనిచేస్తున్న పదిహేడేళ్ళ పిల్ల ఆన్నె. జున్ను తీయగా మిగిలిన విరుగు నీటిని కాచేటప్పుడు అందులో మీగడ పోసి చూసింది. గోధుమరంగు తియ్యటి జున్ను వచ్చింది. 1880లలో ధాన్యం ధరలు పడిపోయినప్పుడు ఈ లోయను నిలబెట్టింది ఆ జున్నే అని చెబుతారు. 1933లో, ఆమెకు 87 ఏళ్ళప్పుడు, రాజు పతకం ఇచ్చాడు. ఇవాళ నార్వేలో ఆ జున్ను లేని వంటిల్లు దొరకడం కష్టం.

"సేటర్ మ్యూజియం అయితే నాకూ వద్దు," అందామె. "ఆన్నె అమ్ముకోవడానికి చేసింది. నేనూ అమ్ముకోవడానికే చేస్తాను. కొండ మీద సెలవుల కేబిన్లు కట్టుకున్నవాళ్ళు కొంటారు."

"కేబిన్లకు నీళ్ళు, కరెంటు, రోడ్డు అన్నీ వచ్చాయి. మన గొర్రెలు గుమ్మం ముందు పెంట వేస్తే ఫిర్యాదులు కూడా వచ్చాయి. మేత వాళ్ళ కంటే ముందు నుంచీ ఉందని ఎవరు చెప్పాలి?"

"మేత మేపేవాళ్ళే చెప్పాలి. మేపడం మానేస్తే చెప్పే హక్కు కూడా పోతుంది."

అసలు వాదన ఆ తర్వాత నీళ్ళ దగ్గర వచ్చింది.

షోక్‌లో ఏడాదికి 300 మిల్లీమీటర్ల వాన కూడా పడదు. అనంతపురంలోనే అంతకంటే ఎక్కువ పడుతుంది. రెండుచోట్లా కారణం పడమటి కొండలే: మబ్బుల్ని అడ్డుకుని నీళ్ళు అటువైపే దించుకుంటాయి. అందుకని షోక్, దాని పక్కనున్న లోమ్ రైతులు వందల ఏళ్ళ కిందటే మంచు కరిగి పారే వాగుల నుంచి కొండవాలు వెంట కాలువలు తవ్వారు. రాతి గోడ అడ్డొచ్చినచోట దుంగలు తొలిచిన దోనెలు వేశారు. పొలం గట్టున నిలబడి చెక్క పారలతో నీళ్ళు చిమ్మేవారు. కాలువ ఒక్కడి వల్ల అయ్యేది కాదు. తవ్వకానికీ, ప్రతి వసంతంలో పూడిక తీతకూ అందరూ రావాలి. వంతు తప్పితే తగువు. ఇప్పుడు పైపులు, స్ప్రింక్లర్లు వచ్చాయి. నీళ్ళు ఎత్తుకునేది ఆ కొండవాగుల నుంచే.

కొండ కథ కూడా అలాంటిదే. 1798లో షోక్ రైతులు కలిసి చుట్టూ ఉన్న అడవిని, కొండను కొనేశారు. ఆ ఉమ్మడి ఆస్తి, షోక్ అల్మెన్నింగ్, ఇప్పటికీ అక్కడి పొలాలదే: కలప, మేత, వేట, చేపలు. మునిసిపాలిటీ నేలలో నాలుగింట మూడు వంతులకు పైగా ఇవాళ రక్షిత ప్రాంతం. జాతీయ ఉద్యానవనం గీత గీసినా యాజమాన్యం ఉమ్మడి చేతుల్లోనే ఉంది. పాల వ్యాపారం తీరూ ఇదే. 1856లో తోల్గా దగ్గర రౌషోదాలెన్ అనే కొండలోయలో రైతులు కలిసి పెట్టుకున్నది నార్వేలో మొదటి సహకార పాలకేంద్రం. ఇప్పుడు దేశంలోని పాలలో సింహభాగం సేకరించే టీనె కూడా రైతుల సొంత సహకార సంఘమే. లోయ చివర ఉన్న ఇంటికైనా దాని ట్యాంకరు వస్తుంది.

"దీన్నంతా వదిలి పోవడానికి మనసొప్పదు నాన్నా. 200 ఏళ్ళ కిందట కొండ కొన్నవాళ్ళు మనకంటే బీదవాళ్ళు. వాళ్ళకు రోబో లేదు, సెలవు లేదు. కలిసి నిలబడ్డారు, అంతే."

తండ్రి కాఫీ కప్పు కింద పెట్టాడు. "ఎవరు కలిసి నిలబడ్డారు? పొలం ఉన్నవాళ్ళు. మీ నానమ్మ పుట్టింది ఎక్కడో మరిచిపోయావా?"

నానమ్మ పుట్టింది హుస్‌మన్ ఇంట్లో. ఆసామి భూమి మూలన ఒక గుడిసె, నాలుగు మడులు. బదులుగా ఆసామి పొలంలో పనిదినాలు. 19వ శతాబ్దం నడిమికి నార్వేలో ఇలాంటి కుటుంబాలు వేలకు వేలు. ఉమ్మడి అడవిలో వాటా పొలాలకే గాని వీళ్ళకు కాదు. 1825 నుంచి వందేళ్ళలో ఎనిమిది లక్షల మంది నార్వేజియన్లు అమెరికా ఓడలెక్కారు; వాళ్ళలో భూమి లేనివాళ్ళూ, భూమి దక్కని చిన్నకొడుకులూ ఎక్కువ. మిగిలిన హుస్‌మన్‌లకు తాము సాగుచేసే చెక్కను కొనుక్కునే హక్కు ఇచ్చింది 1928 చట్టం. పక్క ఊరు లోమ్‌లో 1916లో పేద ఇంట్లో పుట్టిన కవి తూర్ యోన్సోన్ ఈ లోయను మెచ్చుకుని ఊరుకోలేదు. పదిమంది కళ్ళూ ఒకడి మీదే పడి వాడిని నలిపేసే ఊరి పెత్తనాన్ని ఒక మృగంగా చూపించాడు. 1951లో, ముప్ఫై అయిదు నిండకుండానే పోయాడు.

"అమ్మ ఆ ఆసామి ఇంటి వాకిట్లోంచి తల దించుకుని నడిచేది," అన్నాడు తండ్రి. "లోయ అంటే అదీ. ఒకరి సంగతి ఒకరికి పూర్తిగా తెలిసిన చోట నువ్వు ఒక్కదానివే ఆడమనిషివి పొలం నడిపితే, ప్రతి తప్పూ లెక్కపెడతారు."

నార్వేలో పొలాలు నడిపేవాళ్ళలో ఆడవాళ్ళు ఇప్పటికీ ఐదో వంతు కంటే తక్కువే. హక్కు సమానమై ఒక తరం గడిచాక ఉన్న పరిస్థితి ఇది.

"నానమ్మ తల దించుకుని నడిచిన వాకిలి కాబట్టే నాకు కావాలి," అంది కూతురు. "అప్పుడు ఉమ్మడి చాలామందిని బయట పెట్టింది. తప్పే. ఇప్పుడు బయట పెట్టడానికి కూడా మనుషులు లేరు. ఒక అరబ్ దేశం నుంచి వచ్చిన కుటుంబం, ఎరిట్రియా నుంచి వచ్చిన నా తోటి నర్సు, పోలండ్ వడ్రంగి, వీళ్ళ పిల్లలే బడిని నిలబెడుతున్నారు. వాళ్ళను లోపలికి తెచ్చే ఉమ్మడి కావాలి. అది దూరం నుంచి అడిగితే రాదు. ఇక్కడ పొలం ఉండి, సమావేశంలో ఓటు ఉన్నవాళ్ళు అడగాలి."

తండ్రి చాలాసేపటి తర్వాత గాని అసలు మాట బయటపెట్టలేదు. ఆయన్ని భయపెడుతున్నది కోటి క్రోనర్లు కాదు. ఆయన కుర్రతనంలో రోడ్డు పొడుగునా ఇంటింటి ముందు పాల డబ్బాలు పెట్టే అరుగులుండేవి. లారీ వచ్చే వేళకు కుర్రకారంతా అక్కడ చేరేవారు. తర్వాత ట్యాంకర్లు వచ్చాయి, అరుగులు పోయాయి; ఆ తర్వాత ఇళ్ళలో ఆవులే పోయాయి. 1959లో నార్వేలో దాదాపు రెండు లక్షల కమతాలుండేవి. ఇప్పుడు 40 వేలు కూడా లేవు.

"కాలువ మూసుకుపోతే పిలవడానికి నాకు నలుగురున్నారు," అన్నాడాయన. "నీకు ఎవరుంటారు? ఒకే ఇల్లు మిగిలితే ట్యాంకరు వస్తుందా? పశువుల డాక్టరు వస్తాడా? నువ్వు బాగా చేయలేవని కాదు. చివరిదానివి అవుతావేమోనని."

ఈ సంవాదంలో బలమైన వాదన ఇదే, దీనికి ఒక్క మనిషి పట్టుదల జవాబు కాదు. ఒక్క ఇల్లు ఎంత బాగా నడిచినా లోయ నడవదు. 2023 ఆగస్టులో హాన్స్ తుపానుకు రింగెబు దగ్గర రైలు వంతెన కూలి, ఓస్లో నుంచి ఉత్తరాదికి పోయే ఆ దారి నెలల తరబడి తెగిపోయింది. అలాంటి రోజున కొండవాగు దారి మళ్ళించడానికి ముందు చేరేది తవ్వే యంత్రం ఉన్న పొరుగు రైతే. పొరుగు రైతు ఉంటేనే గదా.

కూతురు ఒక మార్గం చెప్పింది: పక్కింటివాళ్ళతో కలిసి ఒకే కొట్టం. ఇద్దరి అప్పు, ఇద్దరి కోటా, వంతుల వారీగా వారాంతాలు. ఇది కొత్త ఆలోచనేం కాదు. 2000 తర్వాత ఇలాంటి ఉమ్మడి పాడి కొట్టాలు ఊపందుకున్నాయి, తర్వాత చాలా విడిపోయాయి. తండ్రి ఆ విడిపోయిన సంగతులే గుర్తుచేశాడు. "కాలువకు వంతులు కుదిరినవాళ్ళకు కొట్టానికి కుదరవా?" అని ఆమె అడిగింది. ఆయన కాదనలేదు, ఔననలేదు. పక్కింటివాళ్ళ అబ్బాయితో మాట్లాడి చూడమన్నాడు.

వాళ్ళ మధ్య తేలనిది ఇంకొకటి ఉంది, అది వాళ్ళ చేతుల్లో లేదు. నార్వే నేలలో సాగుకు పనికొచ్చేది 3 శాతం దగ్గర. తినే తిండిలో సగానికి పైగా బయటి నుంచి వస్తుంది. దేశంలో పండేది 50 శాతానికి చేర్చాలన్నది ప్రభుత్వం చెప్పిన లక్ష్యం. గోధుమ పండని షోక్ లాంటి వాలు పొలాల్లో గడ్డి పండుతుంది. ఆ గడ్డిని ఆవు, గొర్రె, మేక మాత్రమే తిండిగా మార్చగలవు. ప్రతి వసంతంలో రెండు రైతు సంఘాలు ప్రభుత్వంతో కూర్చుని ధరలూ సాయాలూ బేరమాడుకుంటాయి. 1950 నుంచి నడుస్తున్న పద్ధతి అది. కొత్త కొట్టాలకు పెట్టుబడి సాయం అక్కడి నుంచే వస్తుంది, కానీ పదహారు ఆవుల ఇంటికి అది చాలదు.

ఆవుకు కట్టు విప్పాలన్నది సరైన నిర్ణయం. ఆ నిర్ణయం చేసింది పార్లమెంటు, గడువు పెట్టింది పార్లమెంటు. పదహారు ఆవుల కొట్టం కట్టే ఖర్చులో పెద్ద వాటా కూడా అదే భరించాలి. అది భరించకుండా 2034 వస్తే, ఈ కూతురికి 1974 చట్టం ఇచ్చిన హక్కు కాగితం మీదే ఉంటుంది.